చద్దికి వెండిగిన్నె

చద్దన్నానికి వెండిగిన్నె యోగం పట్టిన వైనాన్ని ఎన్నడైనా రాయవలసి వస్తుందని నేననుకోలేదు. రాసే ముందు ఒక మాట. ఇది వంటల టపా అనుకుని వచ్చిన మిత్రులు నిరాశపడనక్కరలేదు, కొలతలన్నీ చెబుతాను. కాకపోతే ఆ కొలతల్లో ఒకటి తప్పు. అది ఏదో చివర చెబుతాను.

2021 జూలైలో, కరోనా రెండో విడత కాస్త తెరిపి ఇచ్చిన రోజుల్లో, మా అమ్మాయి ఫోను పట్టుకుని పరుగున నా గదిలోకి వచ్చింది. "నాన్నా, నీ చద్దన్నం ఆస్ట్రేలియా వెళ్ళింది, చూడు!" అంది. అక్కడ మాస్టర్‌షెఫ్ అని ఒక పెద్ద వంటల పోటీ జరుగుతుంది. ఆ ఏడాది తుది పోటీలో నిలిచిన ముగ్గురిలో కిశ్వర్ చౌధురి ఒకరు. మెల్‌బోర్న్ నివాసి, బంగ్లాదేశ్ మూలాలున్న ఆవిడ. న్యాయనిర్ణేతల ముందు ఆవిడ పెట్టినది పాంతా భాత్. రాత్రి అన్నంలో నీళ్ళు పోసి ఉంచి, తెల్లవారి ఉప్పూ మిరపకాయా నంజుకుని బెంగాలీ పల్లెలు తినే తిండి. ఆవిడ ఆ నీటికి పొగ వాసన పట్టించి, పక్కన ఆలుగడ్డ భర్తా, సార్డీన్ చేప పెట్టి, ఏ రాజుగారి బంతిలోనో వడ్డించినట్టు ముచ్చటగా అమర్చింది. చివరికి దక్కింది మూడో స్థానమే. అయినా ఆ పోటీ పేరు చెబితే ఈ ప్రాంతాలవారికి ముందుగా గుర్తుకొచ్చేది ఆ పాంతా భాతే.

ఆ దృశ్యం చూస్తుంటే నాకు రెండు భావాలు ఒకేసారి కలిగాయి. ఒకటి గర్వం. రెండోది, చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది గానీ, ఉక్రోషం. నా వస్తువేదో ఎవరో తీసుకెళ్ళి సంతలో పెట్టినంత ఉక్రోషం. నిజానికి అది నా ఒక్కడిదీ కాదు, ఆవిడ ఒక్కతిదీ కాదు. ఒడిషాలో అది పఖాళ. పూరీ జగన్నాథుడికి నైవేద్యంగా వెళుతుంది, ఏటా మార్చి 20న దానికొక పండుగ కూడా చేసుకుంటున్నారు. అస్సాంలో పొయితా భాత్, తమిళనాట పళయ సోరు, మలయాళ దేశంలో పళంకంజి. వరి పండే నేల మీద, ఎండలు మండే నేల మీద, పొయ్యి రెండుపూటలా రాజేసే స్తోమత లేని ప్రతి ఇంట్లోనూ ఏదో ఒక పేరుతో పుట్టిన తిండే.

మన పేరు మాత్రం నాకు మహా ఇష్టం. చలిది చల్ది అయింది, చల్ది చద్ది అయింది. చల్లనిది అని అర్థం. వేడివేడిగా వడ్డించడమే మర్యాద అనుకునే లోకంలో, చల్లదనాన్నే పేరుగా పెట్టుకున్న అన్నం.

మా ఊరు పశ్చిమ గోదావరిలో ఆచంట దగ్గర. నా బాల్యమంతా ఆ చద్దితోనే తెల్లవారింది. రాత్రి భోజనాలయ్యాక అమ్మ చిన్న గిన్నెలో అన్నం మెత్తగా పిసికి, గోరువెచ్చని పాలు పోసి, చారెడు మజ్జిగ తోడు వేసి, పైన మూత పెట్టి ఉట్టి మీదికి ఎక్కించేది. తెల్లవారేసరికి పాలు, అన్నం కలిసి ఒకటిగా తోడుకునేవి. గిన్నె పక్కకి వంచితే కదలనంత గట్టిగా ఉండేది. దాని మీద ఉప్పు రాళ్ళు చల్లి, నడిమధ్య మాగాయ ముక్క గుచ్చి ఇచ్చేది. వేసవిలోనైతే ఒక పచ్చి ఉల్లిపాయ. వేపచెట్టు కింద నులకమంచం మీద కూర్చుని, ఆవకాయ ఊట అంటిన వేళ్ళను మణికట్టు దాకా నాకుతూ తిన్న ఆ అన్నం తరవాత, ప్రపంచంలో ఏ ఫలహారమూ నాకు ఫలహారంగా ఆనలేదు.

పోతనగారి దశమస్కంధంలో కృష్ణుడు గోపబాలకులతో కలిసి చల్దులు ఆరగించే ఘట్టం మీకందరికీ తెలిసిందే. చుట్టూ నేస్తాలు, నడుమ తాను, వేళ్ళ సందుల్లో ఊరగాయలు. దూడలు కనిపించడం లేదంటే చేతిలో చద్దిముద్దతోనే వెతకబోయాడట. ఆ పద్యాలు చదివినప్పుడల్లా నాకు మా వేపచెట్టే కనిపిస్తుంది. దేవుడు తిన్నది, నేను తిన్నది ఒకే అన్నం కదా అని లోపల ఒక చిన్న మురిపెం.

ఆ మురిపెం పెద్దయ్యాక వచ్చింది. చిన్నప్పుడు మాత్రం ఒకసారి ఆ అన్నాన్ని వద్దన్నాను.

అయిదో తరగతిలో ఉండగా జరిగింది. ఒకనాటి ఉదయం తరగతిలో ఒక్కొక్కరిని లేపి, పొద్దున ఏం తిని వచ్చారని అడిగారు. బలవర్ధకమైన ఆహారం అనే పాఠం అది. నా ముందున్నవాడు ఇడ్లీ అన్నాడు. ఆ ముందువాడు పెసరట్టు అన్నాడు. నేను ఇడ్లీ అన్నాను. నా పక్కవాడు నా చెయ్యి పట్టుకుని వాసన చూసి, "అబద్ధమండీ, చద్దన్నమండీ, మాగాయ కంపండీ" అని గట్టిగా అరిచాడు. తరగతంతా గొల్లుమంది. ఇంటికెళ్ళి పుస్తకాల సంచీ విసిరికొట్టి, "రేపటినుంచి నాకు చద్ది పెట్టకు. పాలేళ్ళు తినే తిండి నేను తినను" అన్నాను. అమ్మ ఏమీ అనలేదు. ఒక వారం రోజులు నేను ఒట్టి పాలు తాగి బడికి వెళ్ళాను. ఎనిమిదో రోజుకి ఆకలి గెలిచింది. నోరు మూసుకుని మళ్ళీ గిన్నె ముందు కూర్చున్నాను. ఆ సంగతి అక్కడితో మరిచిపోయాను.

సరే, ప్రస్తుతానికి వద్దాం. ఆ ఆస్ట్రేలియా వంటకం నా మనసులో ఒక విత్తనం వేసింది. ఆ తరవాత హైదరాబాదులో ఒక పెద్ద హోటల్లో భోజనానికి వెళితే, పిడికెడు మట్టి ముంతలో చద్దన్నం తెచ్చి పెట్టారు. పైన దానిమ్మ గింజలు, పక్కన ఏదో ఆకు. ధర చూసి మా ఆవిడ "ఏమండీ, ఈ డబ్బుతో నెలకు సరిపడా బియ్యం వస్తాయి" అంది. తిని చూస్తే అందులో పులుపు లేదు. అప్పటికప్పుడు అన్నంలో పెరుగు కలిపి చల్లబెట్టి తెచ్చారు. అది దద్ధోజనం. దధి అంటే పెరుగు, ఓదనం అంటే అన్నం. దద్ధోజనం గుడిలో పుట్టింది, చద్ది పెరట్లో పుట్టింది. రెండూ తెల్లగానే ఉంటాయి గానీ, రాత్రంతా మేలుకుని పులిసిన తిండి రుచి వేరు. అప్పుడు పౌరుషం వచ్చింది. చద్దిని చద్దిగానే ఉంచి, దానికి రాజభోగం నేను చేసి చూపిస్తాననుకున్నాను.

2023 మే నెలలో అమ్మకు డెబ్బై అయిదు నిండాయి. మా చెల్లెలూ బావగారూ పిల్లలతో వచ్చారు. అదే ముహూర్తమనుకున్నాను. నా ప్రయోగాలు పది రోజుల ముందే మొదలయ్యాయి.

మొదటిసారి బాసుమతి బియ్యంతో చేశాను. పొడవాటి మెతుకులు చూడడానికి బాగుంటాయని ఆశ. తెల్లవారేసరికి మెతుకు మెతుకూ విడిపోయి నీళ్ళలో దారం ముక్కల్లా తేలింది. చద్దికి మెతుకు నలగాలి, పాలను పీల్చాలి. రెండోసారి సాంబ మసూరి. 1986లో బాపట్ల వ్యవసాయ పరిశోధనా కేంద్రం నుంచి వచ్చిన ఆ సన్న రకం వేడి అన్నానికి సాటిలేనిదే గాని, చద్దిలో దాని సుకుమారం నిలబడలేదు. చివరికి ఒక మిత్రుడిని అడిగి స్వర్ణ బియ్యం, అదీ దంపుడువి, తెప్పించాను. మా ఊరి పక్కనే ఉన్న మార్టేరు కేంద్రం 1982లో ఇచ్చిన రకం అది. మా పొలంలో పండినది, నా బాల్యంలో నా గిన్నెలోకి వచ్చినది అదే. నోట్లో పెట్టుకోగానే నాలుక దాన్ని గుర్తుపట్టింది.

మూడో పాఠం గాలి నేర్పింది. రాత్రి కుండను ఏసీ గదిలో పెట్టాను, పిల్లులు ముట్టవని. పొద్దునకి ఏమీ కాలేదు, ఒట్టి తడి అన్నం. చద్దిని చద్దిగా మార్చేవి కంటికి కనిపించని సూక్ష్మజీవులు. పెరుగును తోడుపెట్టే జాతివే. వాటికి వెచ్చదనం కావాలి. మన వేసవి రాత్రి వాటికి పెళ్ళిపందిరి లాంటిది. ఎనిమిది నుంచి పన్నెండు గంటల్లో అన్నంలోని పిండి పదార్థాన్ని కొద్దికొద్దిగా తిని పులుపును తయారు చేస్తాయి. అంతకు మించితే పులుపు కాస్తా పుల్లిరుపు అవుతుంది. కుండను వంటింటి గట్టు మీదికి మార్చాక గాని పని జరగలేదు.

ఇక తుది రూపం చెబుతాను, రాసుకునేవారు రాసుకోండి. రెండు గిన్నెల అన్నం మెత్తగా వండి, పూర్తిగా చల్లారాక మట్టికుండలో వేసి, అన్నం పైన రెండు వేళ్ళ ఎత్తు నీళ్ళు పోసి, రెండు దబ్బాకులు చిదిమి వేసి, పలచని బట్ట వాసెన కట్టాలి. పన్నెండు గంటల తరవాత నీటిని వంచి పక్కన పెట్టుకోవాలి. గేదెపాల పెరుగును బట్టలో మూటగట్టి నాలుగు గంటలు వేలాడదీస్తే నీరంతా జారి వెన్నలా మిగులుతుంది. దాన్ని ఆ అన్నంలో కలిపి, చెంచాడు మీగడ వేసి చేత్తోనే మెదపాలి. గరిటె పనికిరాదు. తరవాత కొబ్బరిచిప్ప నిప్పు కణికను చిన్న కంచుగిన్నెలో వేసి, అన్నం మధ్య నిలిపి, దాని మీద నెయ్యి చుక్క వేసి మూత పెట్టాలి. రెండు నిమిషాలు చాలు, పొగ వాసన పడుతుంది. ఈ ఒక్క విద్య ఆ మెల్‌బోర్న్ ఆవిడకు నా గురుదక్షిణ.

అలంకారం నా సొంతం. వేయించిన చల్లమిరపకాయల పొడి పైన చల్లాను. ఉల్లిచక్రాలను నిమ్మరసంలో నానబెడితే గులాబి రంగు తిరిగాయి. మూడేళ్ళ నాటి మాగాయను సన్నగా చీల్చి చుట్టలు చుట్టాను. గిన్నె అంచున ఆవకాయ ఊటతో ఎర్రని చుక్కలు పెట్టాను. పక్కన రెండు గుమ్మడి వడియాలు. చద్ది కంటే ఊరగాయ ఘనం అని సామెత. ఆ సామెత నిజం కాకుండా చూడడానికి ఎంత తంటాలు పడ్డానో నాకే తెలుసు. మా పెళ్ళికి పెట్టిన వెండిగిన్నెలు బీరువాలోంచి దింపి, తోమించి, వాటిలో వడ్డించాను.

విజయం సంపూర్ణం. పిల్లలు ఫొటోలు తీశారు. బావగారు మారు వడ్డించుకున్నారు. నేను కూడా సందర్భోచితంగా ఒక చిన్న ఉపన్యాసం ఇచ్చాను. చద్దన్నమంటే రాత్రి మిగిలిన అన్నమనీ, దాన్ని పారేయకుండా మన పూర్వులు కనిపెట్టిన ఉపాయం చూడండర్రా అనీ. పెద్దల మాట చద్దిమూట అని ఊరికే అన్నారా అని కూడా అన్నాను. అమ్మ మూడు చెంచాలు తిని, "బావుందిరా. గుళ్ళో ప్రసాదంలా ఉంది" అంది. మెచ్చుకోలే. కానీ నేను పది రోజులుగా ఎదురుచూసిన మాట అది కాదు.

మధ్యాహ్నం అందరూ నడుం వాల్చాక వంటింట్లో చప్పుడైతే వెళ్ళి చూశాను. పొద్దున నేను వంచి పక్కన పెట్టిన పులిసిన నీళ్ళ గిన్నె అమ్మ చేతిలో ఉంది. అందులో ఉప్పు వేసి, దబ్బాకు చిదిపి, గిన్నె ఎత్తి తాగుతోంది. కళ్ళు మూసుకుని తాగుతోంది.

"అదేవిటమ్మా, అన్నం ఉండగా ఆ నీళ్ళు తాగుతావు?"

"నాకు చద్దంటే ఇదేరా" అంది.

ఎదురుగా పీట వాల్చుకుని కూర్చున్నాను. అమ్మ చెప్పడం మొదలుపెట్టింది. కథలా కాదు, బియ్యంలో రాళ్ళు ఏరుతున్నట్టు, ఒక్కొక్కటీ.

"మిగిలిన అన్నం అని అందరికీ చెప్పావు కదా. మన ఇంట్లో అన్నం ఎప్పుడు మిగిలిందిరా? ఆరుగురికి వండేటప్పుడే రేపు పిల్లల చద్దికని రెండు గుప్పిళ్ళు ఎక్కువ వేసేదాన్ని. బియ్యం సమంగా ఉన్న రోజుల్లో ఫర్వాలేదు. డబ్బా అడుగంటిన రోజుల్లో ఎక్కువ వేసేదేముంది? వండినదాంట్లోనే తీసి ఉట్టి మీద పెట్టేదాన్ని. మిగిలింది కాదురా అది. మిగిల్చింది."

"మరి నువ్వు?"

"గంజి ఉండేదిగా. తరవాణి కుండ ఉండేది. అందులో అడుగున పది మెతుకులుంటే అవీ. మీ నాన్న పొలం నుంచి ఆలస్యంగా వస్తే, 'చద్దికూడు తిన్నమ్మ మొగుడి ఆకలి ఎరుగదు' అనేది మీ నాయనమ్మ, నన్ను చూసి. చద్ది తింటే కదా!" అని నవ్వింది. ఆ నవ్వులో నిష్ఠూరం వెతికాను. కనిపించలేదు.

"వరదొచ్చిన ఏడు గుర్తుందా?" అంది.

గుర్తులేకేం. 1986 ఆగస్టులో గోదావరికి వచ్చిన మహా వరద. ఏటిగట్లు తెగి ఊళ్ళలోకి నీళ్ళు వచ్చాయి. మా మూడెకరాల నాట్లు కుళ్ళిపోయాయి. నా దృష్టిలో మాత్రం ఆ వరద పడవల్లో తిరిగిన సరదా, బడికి సెలవులు.

"ఆ ఏడు నీ గిన్నెలో ఏవైనా తక్కువైందా?"

చాలాసేపు ఆలోచించాను. నిజాయితీగా ఆలోచించాను. ఎంత వెతికినా ఆ సంవత్సరం నా గిన్నెలో ఒక్క మెతుకు తగ్గిన జ్ఞాపకం లేదు. మాగాయ ముక్క ఉంది, ఉప్పు రాళ్ళు ఉన్నాయి, గిన్నె వంచితే కదలనంత గట్టిగానే ఉంది.

"లేదమ్మా."

"మరి? ఆ దీపావళి దాటాక కాబోలు, బళ్ళో ఎవరో నవ్వారని వారం రోజులు చద్ది మానేశావు చూడు. పాలేళ్ళ తిండి అన్నావు."

నాకు ముఖం చెల్లలేదు. ముప్ఫై ఏడేళ్ళ కిందటి మాట ఆవిడకు అక్షరం పొల్లుపోకుండా గుర్తుంది.

"కోపం వచ్చిందా అమ్మా అప్పుడు?"

"కోపమెందుకురా, పిచ్చివెధవా! ఆ వారం రోజులూ నీ చద్ది నేనే తిన్నాను. ఒక్క మెతుకు ఉంచకుండా తిన్నాను. ఎంత బావుందో! ఎనిమిదో రోజు నువ్వొచ్చి గిన్నె ముందు కూచుంటే, అబద్ధమెందుకు, కాస్త బెంగగానే అనిపించింది" అంటూ పకపకా నవ్వేసింది. డెబ్బై అయిదేళ్ళ మనిషి, నోటికి కొంగు అడ్డుపెట్టుకుని, దొంగతనం బయటపడిన చిన్నపిల్లలా.

నేను నవ్వలేకపోయాను.

అమ్మ గిన్నె కడిగి బోర్లించి వెళ్ళి పడుకుంది. నేను చాలాసేపు అక్కడే కూర్చున్నాను. జ్ఞాపకాల్లో నేను చూసుకున్నదంతా నా గిన్నె. ఆ గిన్నె ఉట్టి మీదికి ఎలా ఎక్కిందో ఎన్నడూ చూడలేదు. మా ఇంటి పాలేరు అరుగు చివర కూర్చుని రోజూ ఉల్లిపాయతో తినే అన్నం అతనికి ఇష్టమో, వేరే గతి లేకనో కూడా నేనెన్నడూ అడగలేదు. దశమస్కంధంలో పిల్లలు మూటలు విప్పుకుని తిన్నారు సరే, చీకటితో లేచి ఆ మూటలు కట్టి పంపిన తల్లులు ఆ పూట ఏం తిన్నారో అని మొదటిసారి సందేహం కలిగింది.

నా వెండిగిన్నె వంటకంలో లోపమేమీ లేదు, ఇప్పటికీ అంటాను. మే నెలలో ఒకసారి చేసి చూడండి, నన్ను తలుచుకుంటారు. ఆ మెల్‌బోర్న్ ఆవిడ మీద నాకున్న ఉక్రోషం కూడా పోయింది. ఒక తరం నోరు కట్టుకుని పెట్టిన అన్నాన్ని, తరవాతి తరం పదిమందిలో తలెత్తుకుని వడ్డించడం మంచి పనే. ఆ అన్నం ఎవరి వాటాలోంచి వచ్చిందో తెలిసి వడ్డిస్తే ఇంకా మంచిది.

ఆ రాత్రి బియ్యం కడుగుతూ మా ఆవిడ "ఎన్ని గ్లాసులు పొయ్యమంటారు?" అని కేక వేసింది. నేను వెళ్ళి నా చేత్తో రెండు గుప్పిళ్ళు ఎక్కువ వేశాను. భోజనాలయ్యాక గోరువెచ్చని పాలు, మజ్జిగ తోడు. ఉట్టి లేదు గనక గట్టు మీదే పెట్టాను. పొద్దున మామూలు స్టీలు గిన్నెలోనే, మాగాయ ముక్క గుచ్చి, అమ్మ ముందు పెట్టాను. అలంకారాలేవీ లేవు. ఈసారి ఆవిడ ప్రసాదంలా ఉందనలేదు. అసలేమీ అనలేదు. గిన్నె ఖాళీ చేసి, వేళ్ళు నాకి, "ఇంకాస్త ఉందా?" అని అడిగింది.

ఇక కొలతల్లో తప్పు సంగతి. ఈ వంట పద్ధతిని మా అమ్మాయి కోసం ఒక నోటు పుస్తకంలో ముందే రాసిపెట్టాను. మొదటి వరుసలో "రాత్రి మిగిలిన అన్నం, రెండు గిన్నెలు" అని ఉంది. మర్నాడు కలం తీసుకుని "మిగిలిన" అన్న మాట కొట్టేసి, పైన "మిగిల్చిన" అని రాశాను. అమ్మాయి అది చూసి, "అచ్చుతప్పా నాన్నా?" అంది.

"అవునమ్మా, చాలా పాతది" అన్నాను.